ఎడమ పురి పెట్టిన గడ్డి తాడు

జపాన్ వాళ్ల షింటో మతం అనగానే చాలామంది కళ్ల ముందుకి సముద్రంలో నిలబడ్డ ఆ ఎర్ర తోరిఈ ద్వారం వస్తుంది. నాకు ముందుగా గుర్తొచ్చేది వాసన. కొత్త వరిగడ్డి వాసన. డిసెంబరు ఆఖరి వారంలో జపాన్ పల్లెల్లో ఏ గుడి ముందు నిలబడ్డా, అప్పుడే కట్టిన షిమెనవా నుంచి ఆ వాసన వస్తుంటుంది. మన కళ్లాల్లో కుప్ప నూర్చిన నాటి వాసనే అది. వరి తిని బతికే జనం ఎక్కడివాళ్లైనా ఆ వాసనకి ఒక్క క్షణం ఆగుతారు.

షిమెనవా అంటే గడ్డి తాడు. మన పల్లెల్లో ధాన్యం పురి చుట్టడానికి పేనే వెంటి లాంటిదే. దాన్ని చెట్టుకి చుడితే ఆ చెట్టు మీద ఇక గొడ్డలి పడదు. బండకి చుడితే ఆ బండ మీద ఎవరూ కాలు పెట్టరు. గోడ ఉండదు, తలుపు ఉండదు, కాపలా మనిషి ఉండడు. ఇక్కడ ఒక కామి ఉంది అని చెప్పడానికి ఓ గడ్డి తాడు, దానికి వేలాడే నాలుగు తెల్ల కాగితాలు చాలు.

కామి అన్న మాటని దేవుడు అని తెలుగు చేస్తే సగం అర్థం జారిపోతుంది. 18వ శతాబ్దపు పండితుడు మొతొఒరి నొరినగ, కొజికి అనే పాత పురాణ గ్రంథం మీద రాసిన పెద్ద వ్యాఖ్యానంలో చెప్పిన అర్థాన్నే ఇప్పటికీ అందరూ పట్టుకుంటారు. మామూలుకి మించినదై, మనలో భయభక్తులు పుట్టించేది ఏదైనా కామే. మనుషుల్లో ఉండొచ్చు, పక్షుల్లో, మృగాల్లో, చెట్లలో, గడ్డిలో, సముద్రంలో, కొండల్లో ఉండొచ్చు. మంచే చేయాలనీ లేదు, కీడు చేసేదీ కామే. ఒంటి మీద పొక్కులొస్తే "అమ్మవారు పోసింది" అనుకునే ఊళ్లలో పెరిగినవాళ్లకి ఇది విడమరిచి చెప్పక్కర్లేదు.

తాడు పేనే పని దగ్గర కాసేపు ఆగాలని ఉంది. పేరున్న గుళ్ల కోసం వాడే గడ్డిని వరి ఈనకముందే, జులై, ఆగస్టుల్లో, పచ్చిగా కోసేస్తారు. ఆ మడిలో ఆ ఏడు గింజ రాదు, తెలిసే వదులుకుంటారు. ఈనిందంటే సత్తువంతా కంకికి పోయి కాడ పసుపెక్కుతుంది, గట్టిపడుతుంది, మెలి పెడితే పుటుక్కుమంటుంది. కోసిన పచ్చిగడ్డిని వాన తగలకుండా తొందరగా ఆరబెట్టి, వెలుతురు పడని చోట దాస్తారు. ఎండలో వదిలేస్తే పచ్చదనం వెలిసిపోతుంది. నూర్పిళ్లయ్యాక మిగిలే మామూలు గడ్డితోనూ పేనుతారు. ఇళ్ల గుమ్మాలకి కట్టేవాటికి అది చాలు.

పేనేముందు గడ్డిని బాగు చేయాలి. మొదట్లో ఉండే తొడుగాకులు, పొట్టి పరకలు ఊడదీసి నిలువు కాడలే మిగుల్చుకోవాలి. ఆ చెత్త ఉంచేస్తే తాడు లావుగా కనిపిస్తుంది గానీ కొద్దిరోజులకే వదులవుతుంది. తర్వాత నీళ్లు చిలకరించి, తడి లోపలికి దిగేదాకా కప్పి ఉంచి, చెక్క సుత్తితో కొట్టాలి. మొదలు వైపు గట్టిగా, కొస వైపు మెల్లగా. తక్కువ కొడితే పురి పెట్టేటప్పుడు కాడ విరుగుతుంది, ఎక్కువ కొడితే చీలిపోయి పీచు లేస్తుంది. నీళ్లు ఎక్కువ పోస్తే పేనుతున్నంతసేపూ చేతికి హాయిగానే ఉంటుంది, తర్వాత లోపల బూజు పడుతుంది.

కావలసింది రెండు పాయలు. ఒక్కో పాయకీ ఒక దిక్కున పురి పెట్టి, రెండిటినీ కలిపేటప్పుడు ఎదురు దిక్కున తిప్పాలి. అంతా ఒకే దిక్కున తిప్పితే చెయ్యి వదలగానే తాడు విడిపోతుంది. పాయ సన్నబడుతోందనగానే కొత్త పరకల్ని, వాటి మొదళ్లు లోపలికి పోయేలా దూర్చాలి. రెండు పాయల్లోనూ అతుకు ఒకేచోట పడితే అక్కడే తెగుతుంది. ఇదంతా ఏ తాడుకైనా ఉన్నదే. షిమెనవాకి తేడా ఒక్కటే, పురి. పొలం పనికి వాడే తాడుని కుడి అరచేయి ముందుకు తోస్తూ నలుపుతారు. దీనికి ఎడమ అరచేయి ముందుకు పోవాలి. ఏళ్ల తరబడి మామూలు తాళ్లు పేనిన చేతులకి ఇది ఎదురు పని, ప్రతి మూరకీ తడబడతాయి. మోపు కట్టే తాడు వేరు, కామికి కట్టే తాడు వేరు అని ముందు చేతులకి తెలుస్తుంది.

ఇజుమొ తైషా అనే పెద్ద గుడిలో, కగురా అనే దైవనృత్యాల మండపానికి వేలాడే తాడు 13 మీటర్లకి పైగా పొడవు, 5 టన్నులకి పైగా బరువు. దాన్ని పేనేది షిమానె కొండల మధ్య ఉన్న ఈనన్ అనే ఊరివాళ్లు. కింది నుంచి నాణెం విసిరితే ఆ గడ్డి కొసల్లో ఇరుక్కుంటుందని, ఇరుక్కుంటే అదృష్టమని జనంలో ఓ అలవాటు పుట్టింది. నాణేలు గుచ్చుకున్నచోట పరకలు జారి ఊడిపోతాయి. అంతమంది చేతుల పనిని అలా పాడుచేయడాన్ని మొక్కు అనడానికి నాకు మనసొప్పదు.

ఇప్పుడు పెద్ద కష్టం గడ్డికే వచ్చింది. కోత యంత్రం గడ్డిని అక్కడికక్కడే ముక్కలు చేసి మడిలో చల్లేస్తుంది. పైగా గాలికి పడిపోకూడదని పొట్టి రకాలు వచ్చాయి, వాటి కాడ పొడవు చాలదు. అందుకని పాత పొడుగు రకాలని గడ్డి కోసమే పెంచే రైతుల మీద గుళ్లు ఆధారపడుతున్నాయి.

తాడుకి వేలాడే కాగితాల పేరు షిదే. మెరుపు తీగలా మెట్లు మెట్లుగా దిగుతాయి. జపాన్ భాషలో మెరుపుని ఇనజుమ అంటారు. ఆ మాటని విడదీస్తే వరికి జత అని అర్థం వస్తుంది. మెరిస్తేనే వరికి కడుపు పండుతుందని పాత నమ్మకం. షిదే చేయడం తేలికే. చేత్తో చేసిన కాగితాన్ని అడ్డంగా నాలుగు పలకలుగా ఊహించుకుని మూడు కోతలు పెట్టాలి. మొదటిది కింది నుంచి పైకి, రెండోది పై నుంచి కిందికి, మూడోది మళ్లీ కింది నుంచి. ఒక్కో కోత మూడింట రెండు వంతుల లోతు. ఆపైన పలకల్ని ఒకదాని తర్వాత ఒకటి మన వైపుకి మడుచుకుంటూ పోతే కాగితం దానంతటదే కిందికి జారుతుంది. కోత లోతైతే మొదటి గాలికే తెగిపడుతుంది, చాలకపోతే మడత తిరగదు.

ఈ తాడు ఎక్కడి నుంచి వచ్చిందో క్రీ.శ. 712లో పూర్తయిన కొజికి చెబుతుంది. సూర్యదేవత అమతెరసు తమ్ముడు సుసనొ, తుపాను లాంటి మనిషి. అక్క వరిమళ్ల గట్లు తెంపాడు, కాలువలు పూడ్చాడు, కొత్త పంట పండగ చేసుకునే చావడిని మలంతో పాడుచేశాడు. చివరికి దేవతల వస్త్రాలు నేసే మగ్గాల ఇంటి కప్పుకి కన్నం పెట్టి, తోలు ఒలిచిన గుర్రాన్ని లోపల పడేశాడు. ఆ భయంలో నేతపని చేసే పిల్ల ఒకతె చచ్చిపోయింది. అమతెరసు రాతిగుహలోకి వెళ్లి బండ మూసుకుంది. లోకమంతా చీకటి.

తర్వాత జరిగినదంతా ఎంత పనితనంతో రాసి ఉంటుందో! ఎనభై లక్షల కామిలు ఆకాశ నది ఒడ్డున చేరతారు. ఒమొయికనె ఉపాయం ఆలోచిస్తాడు. ముందు కోళ్లని తెచ్చి కూయిస్తారు. ఒకరు అద్దం పోత పోస్తారు, ఒకరు పూసలు గుచ్చుతారు. కగు కొండ మీది సకాకి చెట్టుని వేళ్లతో సహా పెకలించి తెచ్చి, పై కొమ్మలకి పూసలు, నడిమి కొమ్మలకి అద్దం, కింది కొమ్మలకి తెల్ల గుడ్డలు, నీలి గుడ్డలు కడతారు. ఉజుమె బోర్లించిన తొట్టి మీదెక్కి, అది దద్దరిల్లేలా కాళ్లతో తొక్కుతూ, ఒంటి మీద బట్ట జారిపోయేలా ఆడుతుంది. అందరూ ఒక్కసారిగా నవ్వుతారు. నేను లేకుండా వీళ్లకింత నవ్వేమిటని అమతెరసు బండ కాస్త జరుపుతుంది. నీకన్నా గొప్ప కామి దొరికిందిలే అని అద్దం ముందుకి తోస్తారు. తన వెలుగే అందులో చూసి ఇంకో అడుగు ముందుకు వేస్తుంది. పక్కనే నక్కి ఉన్న తజికరఒ చెయ్యి పట్టి బయటికి లాగుతాడు. అదే క్షణంలో ఫుతొదమ ఆమె వెనకగా, గుహ నోటికి అడ్డంగా, తాడు కట్టి, ఇక దీన్ని దాటి లోపలికి వెళ్లొద్దు అంటాడు. కొజికి చెప్పిన మొదటి షిమెనవా అదే. సుసనొ తెంపింది వరిగట్లనీ, లోకానికి వెలుగు నిలిపింది గడ్డి తాడనీ గమనిస్తే, ఈ కథ ఎవరి నోట పుట్టిందో తెలిసిపోతుంది.

క్రీ.శ. 927లో ముగించిన ఎంగిషికి అనే గ్రంథంలో శుద్ధి మంత్రం ఒకటుంది. అందులో ఆకాశ పాపాలు అని ఒక జాబితా. హత్య, దొంగతనం, అబద్ధం లాంటివి ముందుంటాయనుకుంటాం. మొదటి పాపం గట్టు తెంపడం. తర్వాత కాలువ పూడ్చడం, తూము విప్పి నీళ్లు వదిలేయడం, విత్తిన మడిలో మళ్లీ విత్తడం, మడిలో కర్రలు పాతడం. బతికున్న జంతువు తోలు ఒలవడం ఆ తర్వాతే. కింది మడివాడికి నీళ్లు రాకుండా రాత్రికి రాత్రి గండి కొడితే ఊరంతా ఎందుకు భగ్గుమంటుందో ఏ గోదావరి రైతునడిగినా చెబుతాడు. షింటోలో ప్రకృతి మీద భక్తి అంటే నాకు అన్నిటికన్నా ముందు ఈ జాబితా గుర్తొస్తుంది. పూలూ చంద్రుడూ తర్వాత. ముందు గట్టు, కాలువ, తూము.

ఆ శుద్ధి ఏడాదికి రెండుసార్లు, జూన్ 30న, డిసెంబరు 31న. జూన్‌లో గుడి ముందు మనిషి ఎత్తుని మించిన గడ్డి చక్రం నిలబెడతారు. అందుకు వాడే చిగయ గడ్డి మన దగ్గర కొన్నిచోట్ల దర్భగా వాడే జాతే. వెదురు చట్రానికి గడ్డిని గుత్తులుగా పెట్టి, ఒక గుత్తి మొదళ్లని తర్వాతి గుత్తి కొసలు కప్పేలా చుట్టూ బిగిస్తారు. అందులోంచి దూరి ముందు ఎడమ వైపు తిరిగి రావాలి, మళ్లీ దూరి కుడి వైపు, మూడోసారి దూరి ఎడమ వైపు, చివరికి నేరుగా గుడికి. గబగబా నడిచేవాళ్లు రెండో చుట్టులో దారి తప్పి ఎదురొచ్చేవాళ్లని గుద్దుకుంటారు. చక్రం గడ్డి పీకి ఇంటికి తీసుకెళ్లడం మాత్రం తప్పు. జనం వదిలించుకున్న మాలిన్యమంతా దాన్నే అంటుకుని ఉంటుందంటారు. ఇంకోటి, మనిషి ఆకారంలో కత్తిరించిన కాగితం. దాని మీద పేరు, వయసు రాసి, ఒంటికి రాసుకుని, ఊపిరి ఊది గుడిలో ఇచ్చేస్తే, నీళ్లలో వదలడమో కాల్చడమో వాళ్లు చూసుకుంటారు.

గుళ్లు కట్టకముందు ఏముండేదో చూడాలంటే నారా దగ్గరి సకురయిలో ఒమివా గుడికి వెళ్లాలి. అక్కడ గర్భగుడి లేదు. వెనకున్న 467 మీటర్ల మివా కొండే కామి. మూడు ద్వారాలు కలిసిన తోరిఈ ఒకటుంది, దానిగుండా కొండకే దండం. ఎక్కాలంటే కొండ మొదట్లో ఉన్న సాయి అనే షింటో గుడిలో పేరు రాయించుకుని, కొంత రుసుము కట్టి, ఇచ్చిన తెల్ల పట్టీ మెళ్లో వేసుకోవాలి. ఫొటోలు తీయకూడదు. నీళ్లు తప్ప ఏమీ నోట్లో వేసుకోకూడదు. రాయి, ఆకు, దేనినీ తేకూడదు. వాతావరణం బాగోకపోతే ఎక్కనివ్వరు.

ఆ కొండ కథ ఎంత బాగుంటుందో. రాత్రిళ్లు ఎవరో అందగాడు ఇకుతమయొరి అనే అమ్మాయి దగ్గరికి వస్తుంటాడు. ఎవరో తెలుసుకోమని అమ్మానాన్నలు సూదికి జనపనార దారం ఎక్కించి ఇస్తారు, అతని అంగీ అంచుకి గుచ్చమంటారు. తెల్లారి చూస్తే దారం తలుపు కన్నంలోంచి బయటికి పోయి ఉంది, ఉండలో మిగిలింది మూడు చుట్లే. మి అంటే మూడు, వా అంటే చుట్టు. దారం పట్టుకుని వెళ్తే కొండ దగ్గర ఆగింది. క్రీ.శ. 720 నాటి నిహొన్ షొకి అనే గ్రంథంలో ఇదే కామి చిన్న పాము రూపంలో కనిపిస్తాడు. ఇప్పటికీ ఆ గుడి ముందున్న పెద్ద సుగి చెట్టు మొదట్లో జనం కోడిగుడ్లు, సాకె అనే బియ్యపు మద్యం సీసాలు పెట్టి వెళ్తారు. ఆ చెట్టు తొర్రలో పాము ఉందని. నాగుల చవితికి పుట్టలో గుడ్డు వేసే ఇంట పుట్టినవాళ్లు ఆ చెట్టు ముందు నిలబడితే, తామెక్కడున్నారో ఓ నిమిషం మరిచిపోతారు.

మన సరస్వతి కూడా బౌద్ధంతో పాటు చైనా మీదుగా అక్కడికి వెళ్లి బెంజైతెన్ అయింది. నది పేరు మోసిన తల్లి కదా, అక్కడా నీటినే వెతుక్కుంది. ఎనొషిమ, బివా సరస్సులోని చికుబు దీవి. 1868లో బౌద్ధాన్నీ షింటోనీ విడదీయమని ప్రభుత్వం ఆదేశించినప్పుడు చాలా గుళ్లలో ఆమె పేరు తీసేసి ఇచికిషిమ హిమె అనే కామి పేరు పెట్టారు. వీణ లాంటి బివా వాయిద్యం మాత్రం ఆమె చేతిలోంచి ఎవరూ తీయలేకపోయారు.

ఇసెలోని అమతెరసు గుడి గురించి చాలా రాశారు, 20 ఏళ్లకోసారి గుడిని పక్క స్థలంలో కొత్తగా కడతారని. మొదటిసారి క్రీ.శ. 690లో, 62వది 2013లో, రాబోయేది 2033లో. స్తంభాలని రాతి పునాది లేకుండా నేలలోనే పాతుతారు, కప్పు గడ్డిది, మొదళ్లు పుచ్చక తప్పదు. నా మనసులో నిలిచిపోయింది గుడికన్నా చెట్టు నరికే పద్ధతి. 2033 గుడి కోసం 2025 జూన్‌లో కిసొ అడవుల్లో అది మొదలైంది. ఈ చెట్లకి రంపం పెట్టరు. హినొకి చెట్టు చుట్టూ మనుషులు నిలబడి గొడ్డళ్లతో మూడు దిక్కుల నుంచి లోపలికి కొట్టుకుంటూ పోతారు. నడిమి మాను ఖాళీ అయి, చెట్టంతా మూడు కాళ్ల ముక్కాలి పీట మీద నిలబడినట్టు ఉంటుంది. ఆ మూడు కాళ్లని తాళ్లు అంటారు. లోపల పుచ్చు ఉంటే ఈపాటికే కనిపించిపోతుంది. ఆఖరికి, పడాల్సిన దిక్కుకి వెనకున్న కాలు నరుకుతారు. మిగతా రెండూ కీలుగా పనిచేసి చెట్టుని అనుకున్న చోటికే వాల్చుతాయి, కాండం నిలువునా చీలదు. పడేముందు "ఒకటి పడుకుంటోంది" అని కేక వేస్తారు. పడ్డాక గొడ్డలి వాళ్లు ఆ చెట్టు చిటారుకొమ్మని తెచ్చి, మొద్దు మధ్యలో నిలబెట్టి, చేతులు జోడిస్తారు. నరికిన చెట్టు మొద్దు మీద దాని చిగురే నిలబడి ఉంటుంది.

పాత గుడి కలప పారేయరు. గర్భగుడి కప్పు దూలాన్ని మోసిన స్తంభాలు ఇసెలోనే ఉన్న ఉజి వంతెన తోరిఈలు అవుతాయి. అక్కడ 20 ఏళ్లు నిలిచాక కువన రేవులో, సెకి ఊరి మొగలో తోరిఈలవుతాయి. ఇసె వెనకున్న సొంత అడవిలో మొక్కలు నాటి 200 ఏళ్లలో కలప తామే పండించుకోవాలని 1923లో మొదలుపెట్టారు. పెద్ద మాను కాగలదనుకున్న చెట్టుకి తెల్ల రంగుతో రెండు గీతలు చుడతారు, చుట్టుపక్కల చెట్లు దాని ఎండకి అడ్డొస్తే వాటినే తీస్తారు. గీతలు చుట్టే మనిషి ఆ చెట్టుని గుళ్లో చూడడు.

ఇంత భక్తి ఉన్న దేశంలోనే 1906లో చిన్న గుళ్లని పెద్ద గుళ్లలో కలిపేయమని ఆదేశం వచ్చింది. వేల గుళ్లు పోయాయి, వాటి చుట్టూ ఉన్న తోపులు కొట్టి కలప అమ్మేశారు. తనబెలో ఉండే మినకత కుమగుసు, నాచు, బూజు లాంటి ప్రాణుల్ని జీవితమంతా వెతికిన శాస్త్రవేత్త, దీనికి ఎదురు తిరిగి 1910లో జైలుకి కూడా వెళ్లాడు. తోపు పోతే పక్షులు పోతాయి, పక్షులు పోతే పంటకి పురుగు పడుతుంది, ఊరి కట్టు సడలుతుంది అని ఆయన వాదన. అది చదివినప్పుడల్లా ఆ గట్టు తెంపిన పాపమే గుర్తొస్తుంది నాకు.

దానికి పక్కనే పెట్టుకోవాల్సింది టోక్యోలో మెయిజి జింగు అనే గుడి చుట్టూ ఉన్న అడవి. 1915 నుంచి 1920 దాకా, బీడులాంటి చోట, దేశం నలుమూలల నుంచి వచ్చిన దాదాపు లక్ష చెట్లు నాటారు. ప్రధాని ఒకుమ షిగెనొబు నిక్కోలో ఉన్నట్టు సుగి వనమే ఉండాలని పట్టుబట్టాడు. హొంద సెయిరొకు బృందం నిక్కో సుగి ఎదుగుదలనీ టోక్యో సుగి ఎదుగుదలనీ పక్కపక్కన చూపించి, ఈ పొడి నేలలో, ఈ పొగలో అది బతకదని ఒప్పించింది. ఓక్, కర్పూర చెట్లు కింద మెల్లగా ఎదుగుతుంటే పైన పైన్ చెట్లు నీడ పట్టి, వాటి కాలం తీరాక తప్పుకునేలా నాటారు. ఇప్పుడక్కడ ఊడ్చేవాళ్లు పెద్ద చీపుళ్లతో బాట మీది ఆకులన్నీ పోగుచేసి, బస్తాలకెత్తకుండా, తిరిగి చెట్ల కిందే చల్లేస్తారు. ఆ అడవిలో రాలినది అడవి దాటి పోకూడదన్నది మొదటినాటి నియమం.

తాడు సంగతి ముగించలేదు. కొత్త ఏడు వెళ్లాక పాత షిమెనవాలని చెత్తబుట్టలో వేయరు. జనవరి 15 ప్రాంతంలో కోతలైపోయిన మడిలోనో గుడి ముంగిట్లోనో వెదుళ్లు నిలబెట్టి, ఊళ్లోని తాళ్లన్నీ వాటికి చుట్టి మంట పెడతారు. కణుపుల మధ్య గాలి వేడెక్కి వెదురు ఢామ్మని పేలుతుంది. నిప్పులు చల్లారుతుండగా కర్రలకి మోచి అనే బియ్యపు ముద్దలు గుచ్చి కాల్చుకుని తింటారు, ఆ ఏడు జబ్బు చేయదని. మన భోగి మంటకీ దానికీ తేడా ఒకటి రెండు రోజులే. కొన్న తాళ్లకి ఈమధ్య ప్లాస్టిక్ నారింజపండు, ఇనుప తీగ కట్టి వస్తున్నాయి. మంటలో వేసేముందు కూర్చుని వాటిని ఒక్కొక్కటీ విప్పి పక్కన పెట్టాలి, గడ్డీ కాగితమూ మాత్రమే లోపలికి పోవాలి.